ఎర్సీలియా చెంప మీద గాటు

ముఖాన ఉమ్మితే ఎవరైనా చెయ్యెత్తుతారు. ఎర్సీలియా కపువొత్సో మాత్రం రుమాలు తీసి తుడుచుకుని, "నిన్నటి ఆట బాగా పండిందన్నమాట" అనుకునేది. ఇదేం చోద్యం అని ముక్కున వేలేసుకునేవాళ్ళు ఇటలీలో, నాపోలీ ఊళ్ళోని సనితా పేటకి ఎప్పుడూ వచ్చి ఉండరు. ఆ పేటలో నాటకం తెర పడ్డాక అయిపోదు. మర్నాడు పొద్దున చేపల బండి దగ్గర మళ్ళీ మొదలవుతుంది.

"నీకు లేవు," అన్నాడు చేపల గాయితానో. అతని ముందు బుట్ట నిండా నెత్తళ్ళు మిలమిలలాడుతున్నాయి.

"లేకపోవడమేంటి దోన్ గాయితా, కళ్ళెదురుగా ఉంటే?"

"మొగుణ్ణీ బిడ్డనీ వదిలేసి పోయినదానికి నా బండి మీద చేపల్లేవు."

"అది నాటకం."

"నాటకమని నాకు తెలీదా? నిన్న ముందు వరసలోనే కూచున్నా. అయినా లేవు."

వెనకాల నిలబడ్డ ఆడవాళ్ళు ఔనౌనన్నట్టు తలలూపారు. ఎర్సీలియా ఇంటికెళ్ళి చిక్కుడు గింజలు ఉడకేసుకుంది. యుద్ధం ముగిసిన తర్వాతి ఆ రోజుల్లో ఆమె గౌదియోజో నాటకశాలలో పాడే నటి. ఆ పాటల నాటకాల్లో ఎప్పుడూ ముగ్గురే ఉంటారు: అతను, ఆమె, ఒక దుర్మార్గుడు. అతను కష్టపడి సంపాదిస్తాడు, ఆమె దారి తప్పుతుంది, దుర్మార్గుడు మీసం దువ్వుతాడు. మూడో అంకంలో అతను కత్తి తీస్తాడు. ఎర్సీలియా ఎప్పుడూ ఆ దారి తప్పిన ఆమే. దుర్మార్గుడి వేషం వేసే జెజేని రెండుసార్లు కుర్చీలతో కొట్టారు గనక, తనకి ఉమ్ములతో సరిపోయిందని ఆమె తృప్తి పడేది.

ఎర్సీలియా తల్లి దోన్నా రెస్తితూత తోలు చేతితొడుగులు కుట్టేది. ఆ సందులో ఆడవాళ్ళందరిదీ అదే పని. వాళ్ళ ఇల్లు నేల మట్టానికి ఒకే ఒక్క గది, కిటికీ లేదు, తలుపు తీస్తే వీధి. మేకపిల్ల తోలు రాగానే దోన్నా రెస్తితూత కళ్ళు మూసుకుని దాన్ని బొటనవేలితో ఆ చివరి నుంచి ఈ చివరి దాకా నిమిరేది. కంచె ముల్లు గీసిన గీత, ఈగ కుట్టిన చుక్క, కంటికి ఆనని లోపమైనా ఆ వేలికి తగలాల్సిందే. "గాటుంది" అని పక్కన పడేసేది. ఒకసారి పడేసిన తోలుని మళ్ళీ ముట్టుకున్న పాపాన పోలేదు.

ఎర్సీలియా మొగుడు విటాలే బాంబుల కింద పోయాడు. చంకలో తిత్తీనా, అప్పటికింకా పాలు తాగే పిల్ల. తడి తొడుగుల్ని గుమ్మం ముందు తాడు మీద ఆరేస్తూ ఆమె పాడుకుంటుంటే దోన్ సాబాతో అటుగా వెళ్తూ ఆగాడు. ఆయన నాటక సమాజానికి యజమాని, రచయిత, యాభై దాటినా మీసానికి నల్లరంగు పూసి పాతికేళ్ళ మొగుడి వేషం వేసే నటుడు కూడాను.

"ఇంత గొంతునీ మేకతోలుకి వినిపిస్తున్నావేంటమ్మా," అన్నాడు.

"మేకతోలు మారు మాట్లాడదు," అంది లోపలి నుంచి దోన్నా రెస్తితూత. "నీ హాల్లో వాళ్ళు మాట్లాడతారు."

ఆ ఇంట్లో రెండ్రోజులు అరుపులూ మరో రెండ్రోజులు మౌనమూ నడిచాక ముసలావిడే తేల్చింది. "పో. పిల్లని నేను చూసుకుంటా. కానీ ఆ కొంపలో మాత్రం నేను అడుగుపెట్టను. నా కూతుర్ని ఊరంతా తిరుగుబోతు అంటుంటే టికెట్టు కొనుక్కుని కూచోమంటావా? అక్కడేం జరిగిందో కూడా నా దగ్గర ఎత్తొద్దు."

అన్నమాట నిలబెట్టుకుంది కూడా. గౌదియోజో ఆ గుమ్మానికి కేకేస్తే వినపడేంత దూరం. తలుపు తీసుంటే చప్పట్లూ ఈలలూ వినిపిస్తాయి. ఆమె తలుపు మూసేసి దీపం కింద కుట్టుకునేది.

సమాజం ఊళ్ళు పట్టుకుని తిరిగేది. ఒక చలికాలం ఫోజాలో ఆడుతున్నారు. మధ్యాహ్నం ఆటకీ సాయంత్రం ఆటకీ నడుమ ఎర్సీలియా చేతికి టెలిగ్రాం వచ్చింది. 'తిత్తీనాకి ప్రాణం మీదికొచ్చింది. రా.' నాపోలీ రైలు ఆట మొదలయ్యే ముందే వెళ్ళిపోతుంది. దోన్ సాబాతో తలుపుకి అడ్డంగా నిలబడలేదు, కాళ్ళూ పట్టుకోలేదు. "హాలు నిండింది. పొద్దున బండికి వెళ్ళు. రాత్రికి రాత్రి వెళ్ళి నువ్వేమైనా డాక్టరువా?" అన్నాడంతే. ఆ మాటకి ఆమె ఎలా ఆగిపోయిందో ఆమెకే తెలియదు. రవికలో టెలిగ్రాం దోపుకుని ఆ రాత్రి ఆమె ఎన్నడూ పాడనంత బాగా పాడింది. ఆ సంగతి తల్చుకుంటే ఆమెకి ఒళ్ళు జలదరించేది.

మర్నాడు మధ్యాహ్నం ఇల్లు చేరేసరికి పిల్ల నిద్రపోతోంది, ఊపిరి ఆడుతోంది. గొంతులో పొర కట్టే జబ్బు. గండం గడిచిందని డాక్టరు చెప్పి వెళ్ళాడట. దోన్నా రెస్తితూత సూదిలోకి దారం ఎక్కిస్తోంది.

"అమ్మా," అంది ఎర్సీలియా.

"తిన్నావా? పొయ్యి మీద చిక్కుడు గింజలున్నాయి."

అంతే. ఆ రోజు గానీ, ఆ ఏడాది గానీ, ఆ తర్వాత గానీ ఆ ముసలావిడ నోట ఆ రాత్రి గురించి ఒక్క ముక్క రాలేదు. తిడుతుందని ఎదురుచూసింది ఎర్సీలియా. జుట్టు పట్టుకుని గోడకేసి కొడుతుందనుకుంది. కొడితే బాగుండనుకుంది. తల్లి మాత్రం అన్నం పెట్టింది, బట్టలు ఉతికింది, జలుబు చేస్తే ఆవిరి పట్టింది. పక్కన పడేసిన తోలుని చూసినట్టయినా చూడలేదు, కూతురి మీదుగా గోడని చూసేది. తిత్తీనా అమ్మమ్మని 'అమ్మా' అనీ, అమ్మని 'ఎర్సీలియా' అనీ పిలుస్తూ పెరిగింది.

సనితాలో ఆట పడ్డప్పుడల్లా ఎర్సీలియా మూడో వరసలో ఒక టికెట్టు తెచ్చి బల్ల మీద పెట్టేది. తల్లి ఒక్కసారి వచ్చి చూసి ఏదో ఒకటి అనాలి. బాగుందనొచ్చు, ఛీ అనొచ్చు, ఏదైనా సరే. ఆమె ఎత్తిన ప్రతి పాటా ఆ ఒక్క మాట కోసమే. దోన్నా రెస్తితూత ఆ టికెట్టుని ఎదురింటి దోన్నా విచెన్సాకి ఇచ్చేసేది. దోన్నా విచెన్సా సిగ్గుపడకుండా వెళ్ళి, లుపీనీ గింజలు నమిలి, జెజే మీద తొక్కలు విసిరి వచ్చేది.

టెలిగ్రాం కథని ఎర్సీలియా ఎప్పుడో రైల్లో కూచుని ఏడుస్తూ దోన్ సాబాతోకి చెప్పుకుంది. నాటకాలు రాసేవాడికి కష్టం చెప్పుకోవడం పాలకి పిల్లిని కాపలా పెట్టడమే. ఏడాది తిరక్కుండా ఆయన కొత్త నాటకం రాసి తెచ్చాడు. పేరు 'టెలిగ్రాం'. భార్య దుర్మార్గుడి వెంట పోయి కాఫీ హోటల్లో పాడుతుంటుంది. బిడ్డ చావుబతుకుల్లో ఉందని టెలిగ్రాం వస్తుంది. ఆమె దాన్ని రవికలో దోపుకుని పాట అందుకుంటుంది.

ఎర్సీలియా ఆ కాగితాలు ఆయన మొహాన కొట్టింది. "మీకు సిగ్గు లేదా?"

"లేదు. ఉంటే ఈ పనిలోకి ఎందుకొస్తా?" అన్నాడు దోన్ సాబాతో, కాగితాలు ఏరుకుంటూ. "నువ్వు కాకపోతే ఇంకొకతి చేస్తుంది. కానీ అది ఆ పాట పాడలేదు, నీకూ తెలుసు."

ఆమె రెండ్రోజులు గింజుకుని ఒప్పుకుంది. డబ్బు కోసం కాదు. మొదటి ఆట నాడు ఆమె టెలిగ్రాం దోపుకోగానే హాలంతా లేచి నిలబడి బూతులందుకుంది. నువ్వు తల్లివేనా అన్నారు, నీ కడుపు కాల అన్నారు. ఇంట్లో తల్లి తిట్టని తిట్లు ఊరంతా తిడుతుంటే ఎర్సీలియాకి ఎన్నాళ్ళకో గుండె తేలికపడింది. అది చెప్పుకోడానికి సిగ్గుపడాల్సిన తేలిక, అయినా నిజం.

ఇక దోన్ సాబాతో కత్తి సంగతి. ఆ పేటల్లో మోసపోయిన మగాడు ఆడదాన్ని చంపడు, చెంప మీద గాటు పెడతాడు, బతికినన్నాళ్ళూ జనం చూసేలా. నాటకంలోనూ అదే. కానీ దోన్ సాబాతోది గడుసు బుర్ర. ప్రతి నాటకానికీ రెండు ముగింపులు సిద్ధంగా ఉంచుకునేవాడు. ఆమె మోకాళ్ళ మీద పడి పాడుతుంది, ఆయన కత్తెత్తి పట్టుకుని ఆగి హాలు వైపు చెవి పెడతాడు. "వదిలెయ్" అని ఎక్కువమంది అరిస్తే కత్తి పారేసి వాటేసుకుంటాడు. "గాటు" అని అరిస్తే అరచేతిలో ఎర్రరంగు ముంచిన స్పాంజి ముక్కని కత్తితో పాటు ఆమె చెంపకి నొక్కి లాగుతాడు. శనివారం ఆడవాళ్ళు ఎక్కువ, క్షమాపణ. సోమవారం మంగలి దుకాణాలకి సెలవు, హాలంతా మంగళ్ళే, కత్తి పట్టే చేతులు ఊరుకుంటాయా, గాటు. స్పాంజి సంగతి పేటలో చంటిపిల్లకి కూడా తెలుసు. నాటకం ఊసెత్తొద్దన్న దోన్నా రెస్తితూత ఒక్కతికే తెలియదు.

మొదటి ఆట చూసి దోన్నా విచెన్సా మర్నాడు సాయంత్రం గుమ్మంలో కూచుని తొడుగులు తిరగేస్తూ ఉండబట్టలేకపోయింది.

"చెప్పొద్దన్నావని తెలుసు. కానీ ఈసారి దాంట్లో టెలిగ్రాం ఉంది, రెస్తితూతా."

దోన్నా రెస్తితూత సూది ఆగింది. "ఏం టెలిగ్రాం?"

దోన్నా విచెన్సా చెప్పింది. ముసలావిడ ఒళ్ళోని తొడుగు కింద పడ్డా తీసుకోకపోవడం చూసి, చెప్పకుండా ఉండాల్సిందని తెలుసుకుంది. తెలుసుకునేసరికే దోన్నా రెస్తితూత నల్ల శాలువా కప్పుకుని వీధిలో ఉంది.

శనివారం. రెండో అంకం నడుస్తోంది. టికెట్టు అడగాల్సిన మనిషి ఆమెని చూసి పక్కకి తప్పుకున్నాడు. మూడో వరసలో ఎవరో గబుక్కున లేచి చోటిచ్చారు. వేదిక మీద ఎర్సీలియా అప్పుడే టెలిగ్రాం రవికలోకి దోపుకుంటూ తలెత్తింది. తల్లిని చూసింది.

ఆ క్షణాన ఆమె గొంతు పోవాల్సింది, ఎవరికైనా పోతుంది. పోకపోగా లేచింది. ఫోజాలో ఆ రాత్రి పాడినట్టు పాడింది. హాలు నిన్నటిలాగే తిట్లందుకుంది గానీ సగంలోనే చప్పబడింది. దోన్నా రెస్తితూత వచ్చిందన్న మాట వరస నుంచి వరసకి పాకింది. తరల్లి బిస్కెట్లు కొరికే చప్పుడు కూడా ఆగిపోయింది.

మూడో అంకం. ఎర్సీలియా మోకాళ్ళ మీద పడింది. ఆ పాటకి ఆడవాళ్ళు శాలువా అంచులు నోట్లో కుక్కుకున్నారు. దోన్ సాబాతో కత్తెత్తి ఆగాడు.

"వదిలెయ్," అన్నారు పై అంతస్తు నుంచి. "వదిలెయ్, దోన్ సాబా." హాలంతా అదే మాట. ఆయన కత్తి పారెయ్యడానికి వేళ్ళు వదులు చేస్తున్నాడు.

మూడో వరసలో దోన్నా రెస్తితూత లేచి నిలబడింది. హాలు ఠక్కున నోరు మూసింది. తల్లి మాట్లాడబోతోంది. తల్లి ఏమంటుందో అందరికీ తెలుసు. కూతురు మనిషిని చంపి వచ్చినా, కాదు, మా పిల్ల పొద్దుటి నుంచీ ఇంట్లోనే ఉందని ఊరిని కాచే పునీతుడు సాన్ జెన్నారో మీద ఒట్టేసే తల్లులున్న పేట అది.

"గాటు పెట్టు," అంది దోన్నా రెస్తితూత.

ఎవరికీ నమ్మకం కుదరలేదు. వెనక వరసలో ఒకాయన పక్కవాణ్ణి "ఏమంది?" అని అడిగాడు.

"పెట్టు, దోన్ సాబా. ఆ రాత్రి పిల్లకి గొంతులో పొర కట్టింది. పడుకోబెడితే ఊపిరి ఆగిపోతోంది. దాన్ని గుమ్మంలో నిలబెట్టి తెల్లారే దాకా పట్టుకున్నా నేను. వీధి చివర్న ఏ అడుగుల చప్పుడు విన్నా ఇదే వచ్చిందనుకున్నా. ఇది అక్కడ పాడుతోంది. పెట్టు గాటు."

దోన్ సాబాతో ముప్ఫై ఏళ్ళ అనుభవం ఆవిరైపోయింది. కత్తి గాల్లోనే ఉంది. ఎర్సీలియా తల్లినే చూస్తోంది. ఇన్నేళ్ళుగా ఏ మాట కోసం కాచుకుందో అది వచ్చింది. వచ్చింది గానీ అది మాటలా లేదు, నడిరోడ్డు మీద చెంపదెబ్బలా ఉంది.

"పెట్టండి," అంది పెదవులు కదలకుండా.

ఆయన పెట్టాడు. స్పాంజిలో ఉన్నదంతా పిండుకుని ఎరుపు ఆమె చెంప నుంచి మెడ మీదికి, తెల్ల రవిక మీదికి కారింది. ఎర్సీలియా పక్కకి ఒరిగిపోయింది.

అప్పుడు వచ్చిన కేక విన్నవాళ్ళు ముసలివాళ్ళయ్యాక కూడా దాన్ని గురించి చెప్పాల్సొస్తే ముందు సిలువ గుర్తు వేసుకునేవాళ్ళు. దోన్నా రెస్తితూత రెండు వరసల కుర్చీల మీంచి ఎలా వచ్చిందో, వేదిక ఎలా ఎక్కిందో ఎవరూ చూడలేదు. చూసేసరికి ఆమె చేతిలో చెక్కచెప్పుంది, దాని కింద దోన్ సాబాతో ఉన్నాడు.

"నా పిల్ల మొహం. నా పిల్ల మొహం కోశావురా, నీ చేతులు పడిపోను."

"మీరే కదా పెట్టమన్నారు, దోన్నా రెస్తితూతా," అన్నాడాయన మోచేతులు అడ్డం పెట్టుకుని. మీసం రంగు గడ్డం దాకా దిగింది.

"నేనంటాను. నేను దాని తల్లిని, నా కడుపు మండి అంటాను. పెట్టడానికి నువ్వెవడివి?"

చెప్పు అవతల పడేసి కూతురి పక్కన కూలబడింది. నల్ల శాలువా ఊడదీసి చెంపని అదిమిపట్టింది, తుడిచింది, మళ్ళీ తుడిచింది. ఎరుపు శాలువాకి అంటుకుంది. ఆమె కళ్ళు మూసుకుని, పొద్దుటి నుంచీ సూది పట్టి మొద్దుబారిన బొటనవేలితో ఆ చెంపని చెవి దగ్గర నుంచి నోటి చివరి దాకా నిమిరింది. మళ్ళీ వెనక్కి నిమిరింది. తెర లాగాల్సినవాడు తాడు పట్టుకుని అలాగే నిలబడిపోయాడు.

"గాటు లేదు," అంది దోన్నా రెస్తితూత.

"లేదమ్మా. రంగు."

"గాటు లేదు," అంది మళ్ళీ, హాలు వైపు తిరిగి, ఎవరో కాదన్నట్టు.

"ఆ రైలుకే రావాల్సింది నేను," అంది ఎర్సీలియా.

"రావాల్సింది. రాలేదు." తల్లి వేలు ఇంకా చెంప మీదే ఉంది. "తిన్నావా?"

ఆ రాత్రి చప్పట్లు కొట్టడం ఎవరికీ తోచలేదు. మర్నాడు మాత్రం పేట తేరుకుంది. ఆ ఊళ్ళో ప్రతి సంగతికీ ఒక లాటరీ అంకె ఉంటుంది. జరిగిన ఘోరానికి లాటరీలో ఏ అంకెలు కట్టాలన్న గొడవ మొదలైంది. తల్లికి యాభై రెండు, భయానికి తొంభై అని దోన్నా విచెన్సా కట్టింది. చెప్పుని లెక్కలోకి తీసుకోలేదని మిగతావాళ్ళు ఆమెని తిట్టారు. ఏ అంకే తగల్లేదు. చేపల గాయితానో ఎర్సీలియాని చూడగానే నెత్తళ్ళు పొట్లం కట్టి చేతిలో పెట్టి, తలొంచుకుని కత్తి నూరుకోసాగాడు.

దోన్నా రెస్తితూత మళ్ళీ నాటకానికి రాలేదు. "ఒకసారి చూశాగా," అంది. కానీ ఆ తర్వాత కూతురు ఇంట్లో ఉంటే తలుపు తీసిపెట్టి కుట్టేది, కూతురు తొడుగులు ఆరేస్తూ పాడితే సూది ఆపి వినేది. "ఆ చివర్న గొంతు ఎక్కువ పెట్టకు, వీధిలో వాళ్ళకి చెవుడు లేదు," అనేది. ఎర్సీలియాకి ఇంకే బిరుదూ అక్కర్లేకపోయింది. బిరుదులెవరూ ఇవ్వలేదు కూడా. రెండు రికార్డులిచ్చింది, ఒక సినిమాలో కిటికీలోంచి అరిచే ఆడమనిషిగా కనిపించింది, పెళ్ళిళ్ళలో పాడింది. అంత వరకే ఆమె పేరు.

ఒక్క విషయంలో మాత్రం ఆమె మొండికేసింది. 'టెలిగ్రాం'లో ఇక క్షమాపణ ఉండకూడదంది. హాలు ఏమరిచినా సరే, గాటే. దోన్ సాబాతో నెత్తీనోరూ కొట్టుకున్నాడు. శనివారం ఆడవాళ్ళు కుర్చీలు విరగ్గొట్టారు. ఆమె కారణం చెప్పలేదు, మాటా మార్చుకోలేదు.

గౌదియోజోని సినిమా హాలుగా మార్చేస్తున్నారని తెలిసిన ఏడాది, ఆఖరి ఆటకి 'టెలిగ్రాం' వేశారు. అంతకు ముందు శరదృతువులోనే దోన్నా రెస్తితూత పోయింది. హాలు కిటకిటలాడింది. మోకాళ్ళ మీద పాడుతున్న ఎర్సీలియాకి జుట్టులో తెలుపు, కత్తెత్తిన దోన్ సాబాతోకి నడుములో నొప్పి. "వదిలెయ్" అని హాలంతా ఏడుస్తోంది. మంగళ్ళు కూడా ఏడుస్తున్నారు.

ఆయన వంగి ఆమె చెవిలో అన్నాడు, "ఆఖరి రోజే తల్లీ. ఇవాళన్నా వదిలేద్దాం. ఏం పోతుంది?"

"వదిలేస్తే మా అమ్మ లేచి వచ్చేదే కాదు, దోన్ సాబా," అంది ఎర్సీలియా. "గాటుకే వచ్చింది."

ఆయన కత్తీ స్పాంజీ కలిపి నొక్కి లాగాడు. ఆమె పక్కకి ఒరిగి, చెంప మీద ఎరుపుతో, మూడో వరస వైపు చూస్తూ పడుకుంది. తెర లాగేవాడు అలవాటు ప్రకారం కాసేపు ఆగాడు. ఎవరూ లేవలేదు. తెర పడ్డాక ఎర్సీలియా తనే లేచి కూచుని, తన భుజాల మీదున్న తల్లి నల్ల శాలువా అంచుతో చెంప తుడుచుకుని, కళ్ళు మూసుకుని, బొటనవేలితో నిమిరి చూసుకుంది.